షాఫ్టుకు అవతలి చేతులు

ధర్మవరంలో పట్టుచీరల సావుకారు సుంకప్ప గారి కారు నేను నడిపేవాణ్ణి. నా పేరు గంగాధరప్ప. అది యుద్ధం నడుస్తున్న కాలం. కూపన్లు ఉంటే తప్ప పెట్రోలు దొరికేది కాదు. ఏ సామాను పోయినా మద్రాసు నుంచి రావడం ఆగిపోయింది. ఉన్నదాన్నే అతికించి, కుట్టి, తీగలు చుట్టి నడపాలి.

కారు కింద గేరు పెట్టె నుంచి వెనక చక్రాల దాకా పొడుగాటి ఇనుప కడ్డీ తిరుగుతుంటుంది. డ్రైవ్ షాఫ్టు అంటారు దాన్ని. షాఫ్టు తల దగ్గర ఒక జాయింటు ఉంటుంది, మన మోచేతి కీలు లాగా. ఆ కీలులోని గ్రీసు బయటికి పోకుండా, దుమ్ము లోపలికి రాకుండా తోలుతో ఒక తొడుగు వేస్తారు. మేము బూటు అనేవాళ్ళం. హిందూపురం, పెనుకొండ రోడ్లు అప్పట్లో అంతా కంకర, ఎర్రదుమ్ము. బూటు చినిగిందంటే కీలు అరిగి, ఎక్కడో ఒకచోట షాఫ్టు విరిగి బండి నిలిచిపోతుంది.

కొత్త బూట్లు దొరక్క నేనే తోలు కత్తిరించి కుట్టేవాణ్ణి. ఒంటరిగా అయ్యే పని కాదు. కారు కింద ఇటు ఒకరు, అటు ఒకరు పడుకోవాలి. తోలును కీలు చుట్టూ తిప్పి, అంచులు దగ్గరికి లాగి పట్టుకుంటే, మైనం పూసిన దారంతో సూది ఇటు నుంచి అటు, అటు నుంచి ఇటు పోవాలి. అవతల పడుకునేది మా ఇంటామె కుళ్ళాయమ్మ.

ఆమె మా అక్క లక్ష్మీదేవమ్మ పెద్దకూతురు. షాఫ్టుకు అవతల పడుకుంటే ఆమె ముఖం నాకు కనపడేది కాదు. చేతులు మాత్రమే కనపడేవి. చిన్నప్పటి నుంచి మగ్గం దగ్గర పట్టుపోగుకు పోగు ముడేసిన చేతులు. ఆమె వేసిన ముడి ఊడిందని నేనెప్పుడూ చూడలేదు.

"ఇంట్లో ఉంటే నోరు తెరవవు కదా మామా. బండి కిందికొస్తే ఎన్ని మాటలు చెప్తాండావు" అని నవ్వేది.

ఒక కార్తీకంలో కుళ్ళాయమ్మ కానుపులో పోయింది. బిడ్డ కూడా దక్కలేదు. తల్లినీ బిడ్డనూ ఒకే గుంతలో పెట్టకూడదని పెద్దలు అన్నారు. ముత్తైదువగా పోయిందని ఆమెకు ఒళ్ళంతా పసుపు పూసి, ఊరికి ఉత్తరాన పెట్టారు. బిడ్డను గుడ్డలో చుట్టి ఎవరో చిత్రావతి ఒడ్డుకు తీసుకుపోయారు. ఎక్కడ పెట్టారో నన్ను చూడనివ్వలేదు. నన్నెవరూ ఏమీ అడగలేదు కూడా.

ఆ తరువాత కారు కిందికి దూరినప్పుడల్లా ఆమె కుట్టు కనపడేది. తోలు ఎండి బీటలు వారుతోంది. కొత్త తోలు కత్తిరించి సీటు కింద పెట్టుకున్నాను. పాతదానికి కొంచెం ఆముదం రాసి, వచ్చే వారం మారుద్దాంలే అనుకుని బయటికి వచ్చేసేవాణ్ణి.

మరుసటి కార్తీకంలో కుళ్ళాయమ్మ చెల్లెలు నీలావతికి నొప్పులు మొదలయ్యాయి. ఆమె మొగుడు ఆదినారాయణ పట్టు తేవడానికి బెంగళూరు పోయి ఉన్నాడు. మంత్రసాని ఉలిగమ్మ కడుపు తడిమి చూసి, మా అక్కను పక్కకు పిలిచింది.

"నా చేత అయ్యేది కాదమ్మా. లోపల తిరగాల్సినట్లు తిరగలేదు. హిందూపురం ఆసుపత్రిలో దొరసాని డాక్టరు ఉండాది. ఆడికి తీసుకపోండి."

మా అక్క బయటికి వచ్చి నిలబడింది. నా వైపు చూసింది. పోయిన కార్తీకంలో కూడా ఆమె నన్ను అలాగే చూసింది.

రైలు వెళ్ళిపోయింది. మళ్ళీ రైలు తెల్లవారితేనే. సుంకప్ప గారిని అడిగితే కారు తీసుకుపొమ్మన్నారు, దాచుకున్న పెట్రోలు కూడా పోయించారు. వెనక సీట్లో నీలావతిని పడుకోబెట్టి, తల అక్క ఒళ్ళో పెట్టి, బయలుదేరాం.

కొత్తచెరువు దాటేదాకా బండి బాగానే పోయింది. పెనుకొండ దాటేటప్పటికి పొద్దు కొండ వెనక్కి దిగింది. ఊరి దీపాలు వెనక పడ్డాయి. అప్పుడు మొదలైంది, నా కాళ్ళ కింద. టక్... టక్... టక్. చక్రం తిరిగే కొద్దీ లోపల ఎముక విరుగుతున్నట్లు.

బండి ఆపాను.

కొండ నీడ రోడ్డు మీదికి వచ్చి పడుకుంది. రెండు పక్కలా సీతాఫలం చెట్లు. రాలి కుళ్ళిన పండ్ల పులిసిన వాసన, దాని మీద కాలిన గ్రీసు వాసన. లాంతరు వెలిగించి కిందికి వంగి చూశాను. బూటు నిలువునా చినిగి, నాలుక వేలాడినట్లు వేలాడుతోంది. కుట్టు చెక్కుచెదరలేదు. తోలే చినిగింది.

"ఏమాయె గంగాధరా?" అంది అక్క కిటికీలోంచి.

"బూటు చినిగిపోయిందక్కా. మార్చాల."

"నీలావతి తట్టుకోలేకుండాది."

"ఇట్లే పోతే నడిదోవలో షాఫ్టు విరుగుతాది. అప్పుడు నేనేమీ చేయలేను. నువ్వు దాన్ని పట్టుకోనుండు, నేను బిరీన కానిస్తా."

గోనెపట్ట పరిచి కారు కిందికి దూరాను. కత్తితో కుళ్ళాయమ్మ కుట్టు కోయడం మొదలుపెట్టాను. ఒక్క చోట కోసి లాగితే వచ్చేయాలి. రాలేదు. ఒక్కొక్క ముడినీ విడిగా కోయాల్సి వచ్చింది. పైన నీలావతి మూలుగుతోంది. కింద నేను ఏడుస్తూ కోస్తున్నాను. తీసిన తోలును రోడ్డు మీద పారేయలేక చొక్కా లోపల పెట్టుకున్నాను. అది ఇంకా వేడిగా ఉంది.

కిరసనాయిలు గుడ్డతో కీలు తుడిచి, ఇసుకంతా తీసి, గ్రీసు కూరాను. కొత్త తోలు చుట్టాను. అంచులు కలవడం లేదు. ఒక చేత్తో లాగితే ఇంకో పక్క జారిపోతోంది. గ్రీసు చేతులు, చలి. ఎన్నిసార్లు ప్రయత్నించానో తెలియదు. అంతదాకా అరుస్తున్న కీచురాళ్ళు ఎప్పుడు ఆగిపోయాయో కూడా గమనించలేదు.

ఉన్నట్టుండి అంచులు దగ్గరికి వచ్చాయి. అవతల నుంచి ఎవరో లాగి పట్టుకున్నారు. అక్క దిగి వచ్చిందనుకున్నాను.

"అట్లే పట్టుకో అక్కా" అన్నాను.

సూది దూర్చాను. అవతల వేళ్ళు అందుకున్నాయి. దారం బిగించి, సూదిని మళ్ళీ ఇటు పంపాయి. ఎక్కడ పంపాలో నేను చెప్పలేదు. సరిగ్గా పంపాయి. మళ్ళీ దూర్చాను. మళ్ళీ వచ్చింది.

అప్పుడు పైన, కారు లోపల నుంచి, అక్క గొంతు వినపడింది.

"ఓర్చుకో తల్లీ... ఓర్చుకో..."

నా చెయ్యి ఆగిపోయింది.

సూది ఇటు వచ్చి నిలబడింది. నేను అందుకోవాలని ఎదురుచూస్తోంది.

లాంతరు మెల్లగా జరిపాను. రెండు చేతులు. మోచేతుల దాకా పసుపు. ఆరని పసుపు. నా చేతులకు, షాఫ్టుకు, తోలుకు అంతా గ్రీసు. ఆ వేళ్ళకు మాత్రం ఒక్క మరక లేదు. ఆ చేతుల వెనక మనిషి ఉండాల్సిన చోట... రోడ్డు అవతలి అంచు కనపడుతోంది. దాని మీద గడ్డి కనపడుతోంది.

బయటికి దొర్లి పరుగెత్తాలి. పరుగెత్తలేదు. ఏడాదిగా ఆ చేతులు కలలో కూడా కనపడలేదు నాకు.

"కుళ్ళాయీ..." అన్నాను.

తరువాత గొంతు వచ్చింది. ఆమె గొంతే. కానీ నోటి నిండా మన్ను పెట్టుకుని మాట్లాడినట్లుంది.

"మామా... బిడ్డ యాడ?"

"నాకు తెలీదు. నన్ను చూడనీలేదు కుళ్ళాయీ."

వేళ్ళు కదల్లేదు. తోలు మీద అలాగే ఉన్నాయి.

"పుట్టినప్పుడు... ఏడ్చిందా?"

"లేదు" అన్నాను.

సూదిని అందుకున్నాను. దూర్చాను. ఆమె తిప్పి పంపింది. మళ్ళీ దూర్చాను. దారం తరిగిపోతోంది. తరిగిపోకూడదు అనిపించింది. కుట్టు కుట్టుకూ ఆగుతున్నాను. పైన నీలావతి గట్టిగా అరిచింది. నాకు సిగ్గేసింది. తొందరగా లాగాను. ఆమె కూడా తొందరపడింది. ఇద్దరం ఒక మాట లేకుండా, పాత రోజుల్లో లాగే, చివరిదాకా వచ్చాం. ఆ వేళ్ళు దారం కొస తీసుకుని ముడి వేశాయి.

ముడి మీద చెయ్యి అలాగే ఉంచింది. ముట్టుకున్నాను. తెల్లవారుజామున చేదబావి ఇనుప గిలకను పట్టుకున్నట్లు చలి వేళ్ళలోంచి భుజం దాకా పాకింది. వదలలేదు. ఆమే వదిలింది.

చేతులు లేవు.

ఆ మరుక్షణం నా మీద కారు స్ప్రింగులు కిర్రుమని కొంచెం కిందికి దిగాయి. ఎవరో వెనక సీట్లోకి ఎక్కినట్లు. తలుపు చప్పుడు కాలేదు.

పాకుతూ బయటికి వచ్చాను. కిటికీలోంచి అక్క నన్ను చూసింది. ఆమె ముఖంలో నెత్తురు చుక్క లేదు.

"ఎక్కు" అంది గుసగుసగా. "వెనక్కి చూడొద్దు. నడుపు."

నడిపాను. కింద చప్పుడు లేదు. కారు మెత్తగా పోతోంది. వెనక నుంచి తడిమట్టి వాసన వస్తోంది. ఆ ఏడు మా వైపు వాన చుక్క పడలేదు.

"అమ్మా" అంది నీలావతి. అంతదాకా అరిచిన మనిషి నిద్రలో మాట్లాడినట్లు మాట్లాడింది. "కుళ్ళాయక్క చెయ్యి ఎంత సల్లగుండాదో... కడుపు మీద పెట్టింది. నొప్పి తెలీకుండాది."

కొంత దూరం పోయాక అక్క గొంతు వినపడింది. నీలావతితో కాదు.

"నీకేం కావాలో నన్నడుగు తల్లీ. నన్ను తీసుకపో. దీన్ని మాత్రం ముట్టొద్దు. దిగిపో... నీ చెల్లెలు కదా. దిగిపోమ్మా."

రోడ్డు మీదే కళ్ళు పెట్టుకున్నాను. చేతులు స్టీరింగుకు అతుక్కుపోయాయి.

ఇంకొంత దూరం పోయాం. అక్క ఏడుస్తోంది. ఏడుపు మధ్యలో, చిన్నపిల్లతో మాట్లాడినట్లు, మెల్లగా అంది.

"తల నిండా మన్నే కదే... ఇట్ల తిరుగు. దులుపుతా."

దిగిపొమ్మని మళ్ళీ అనలేదు.

హిందూపురం దీపాలు కనపడ్డాయి. ఆసుపత్రి ముందు ఆపి, అరిచాను. మనుషులు వచ్చి నీలావతిని లోపలికి మోసుకుపోయారు. అక్క వాళ్ళ వెనక పరుగెత్తింది. అప్పుడు వెనక్కి తిరిగి చూశాను. సీటు ఖాళీ. అమ్మయ్య అనుకోవాలి. అనుకోలేకపోయాను. గుండెలో ఏదో రెండోసారి తెగినట్లయింది.

వరండాలో అక్కా నేనూ గోడకు ఆనుకుని కూర్చున్నాం. లోపల బిడ్డ ఏడుపు వినపడింది. గట్టి ఏడుపు. అక్క నా చెయ్యి పట్టుకుంది. ఆ ఏడుపు ఆగలేదు, ఇంకా పెద్దదైంది, తరువాత కొంచెం తగ్గింది. చాలాసేపటికి ఆయా చౌడక్క గుడ్డలో చుట్టిన బిడ్డను తెచ్చింది.

"మగబిడ్డ. తల్లి బాగుండాదమ్మా, భయం లేదు" అంది.

అక్క బిడ్డను గుండెకు పొదువుకుని వెక్కి వెక్కి ఏడ్చింది. ఏడాది తరువాత ఆమె ముఖం మీద వెలుగు చూశాను.

చౌడక్క నవ్వుతూ నిలబడింది. "మొదట పుట్టింది ఆడబిడ్డ. అది మీ పెద్దమ్మి దగ్గరుండాది కదా, చూసినారా?"

"ఏ పెద్దమ్మి?" అంది అక్క.

"మీతో వచ్చిందే. మీ పోలికే ఉండాది, మీ పెద్దకూతురనుకున్నా. బిడ్డ ఏడుపు ఆపకుంటే వాకిలి కాడికొచ్చి, ఇటియ్యి చౌడక్కా, నేను పాలిస్తా అనింది. నా పేరు ఆమెకు ఎట్లా తెలుసో..." చౌడక్క మా ముఖాలు చూసి ఆగింది. "ఆడ, వరండా కొసన కూర్చోనుండాది."

తరువాత జరిగింది ఎంతోమంది ఎన్నో విధాలుగా చెప్పుకున్నారు. దొరసాని డాక్టరు వచ్చి, అవును, ఇద్దరు బిడ్డలే, మొదటిది ఆరోగ్యంగా పుట్టిందని చెప్పింది. ఆసుపత్రి చుట్టూ, బావుల్లో, రైలు కట్ట దాకా వెతికారు. పోలీసులు ధర్మవరం వచ్చి మరీ విచారించారు. ఎవరికీ ఏమీ దొరకలేదు. ఆడబిడ్డ పురిట్లోనే పోయిందని నీలావతికి చెప్పాం. ఆమె నమ్మింది. కొడుకుకు తిమ్మప్ప అని పేరు పెట్టుకుని పెంచుకుంది.

కానీ ఆ రాత్రి, చౌడక్క కేకలు పెడుతూ లోపలికి పరుగెత్తినప్పుడు, వరండా కొసకు నడిచింది మేమిద్దరమే. అక్కడ గోడ వారగా ఒక చెక్క బల్ల ఉంది. బల్ల మీద ఎవరూ లేరు. ముందున్న మట్టినేల మీద ఒక్క అడుగు గుర్తు లేదు.

అక్క చంకలో మనవణ్ణి పెట్టుకుని వంగి, బల్లను చేత్తో తడిమింది. చెయ్యి తీసి నా ముందుకు చాపింది. గోడ మీది దీపం వెలుగులో ఆమె వేళ్ళు తెల్లగా మెరిశాయి.

పాలు.

నేనూ బల్లను ముట్టుకుని చూశాను. అవి ఇంకా వెచ్చగా ఉన్నాయి.