నీళ్లలోంచి లేచిన సిదోనీ

స్టూడియో నీళ్లతొట్టిలో సిదోనీ శవమై తేలింది. ఇరవై రెండేళ్ల పిల్ల. 1929 చలికాలం. కలల్ని సినిమాలుగా తీసే పిచ్చోళ్లకి పారిస్‌లో అప్పుడు కొదవలేదు. అలాంటి ఒకడి సినిమాలో ఆమె హీరోయిన్.

ఆత్మహత్య అన్నారు. ఆత్మహత్య చేసుకున్నవాళ్లకి చర్చిలో అంత్యక్రియలు కుదరవని ఫాదర్ తెగేసి చెప్పాడు. అక్క ఎర్నెస్తీన్, ఇన్‌స్పెక్టర్ ఫూర్నెల్ కాళ్లావేళ్లా పడింది.

"చేజేతులా చచ్చేది కాదయ్యా మా చెల్లి! ప్రార్థన లేకుండా కుక్కని పాతినట్టు పాతమంటున్నారు!"

ఫూర్నెల్ మనసు చివుక్కుమంది. మర్నాడు పొద్దున్నే ఆమెనీ, ఆ సినిమా డైరెక్టర్ తాంక్రెద్‌నీ ప్రొజెక్షన్ గదిలో కూర్చోబెట్టాడు.

"సిదోనీని ఆఖరున చూసిందెవరు?" అడిగాడు ఫూర్నెల్.

"నేనే. షాట్ అయ్యాక వెళ్లిపోయాను. అప్పటికి బతికే ఉంది. ఫిల్మే సాక్ష్యం!" అన్నాడు తాంక్రెద్.

ఫిల్మ్ ఆడింది. నీటి అడుగున సిదోనీ కదలకుండా పడుంది. ఉన్నట్టుండి గిలగిలా కొట్టుకుంది. చెయ్యి తొట్టి అంచుని గబగబా తట్టింది. లేచి కూర్చుంది. నవ్వింది.

"చూశారుగా? తర్వాత తనే మళ్లీ దిగితే నాదా పాపం?"

"నీళ్లలోంచి లేస్తే జుట్టు తడవలేదేం?"

"కల కదండీ! పోలీసోళ్లకి సినిమా చూపిస్తే ఇంతే."

వాడి నోట్లో మన్ను పడ! ఎంత ధీమా!

"మరి ఆ గాలిబుడగల సంగతేంటి? నోట్లోంచి పైకి రావాల్సినవి పైనుంచి నోట్లోకి పోతున్నాయేం?"

ఫూర్నెల్ వదల్లేదు.

"కెమెరా తలకిందులుగా పట్టి తీస్తారు మీవాళ్లు. ఆ ముక్కని తిరగేసి అతికిస్తారు. జరిగింది వెనక్కి నడుస్తుంది. ఆమె లేవలేదు, మునిగింది. ఆ తట్టడమేంటి?"

"పైకి తియ్యమని సైగ. తేలకుండా, పడుకోగానే వీపుకి తగులుకునే కొక్కెం అడుగున పెట్టాను. తట్టగానే విప్పాలి."

"విప్పలేదేం?"

"అప్పుడే మొహంలో ఆ భయం వచ్చింది సార్! ఎన్నేళ్లుగా దానికోసం వెతుకుతున్నానో! కెమెరా హ్యాండిల్ తిప్పడం ఆపలేకపోయాను. అంతా అయ్యాకే విప్పాను."

ఎర్నెస్తీన్ ఏడవలేదు.

"సరిగ్గా తిప్పి వెయ్యండి. కళ్లారా చూసి ఫాదర్‌కి చెప్పాలి."

"వద్దమ్మా," అన్నాడు ఫూర్నెల్.

"వెయ్యండి."

సిదోనీ నవ్వింది. మునిగింది. తట్టింది. మళ్లీ మళ్లీ తట్టింది. ఆగిపోయింది. అక్క నోట్లో శాలువా కుక్కుకుంది.

బేడీల్లో తాంక్రెద్ వెక్కివెక్కి ఏడుస్తున్నాడు.

"ఇప్పటికైనా జాలేసిందా నీకు?" అన్నాడు ఫూర్నెల్.

"ఏడవనా మరి! ఇలా వేస్తే ఇందులో కలెక్కడుంది సార్? ఉత్త చావు!"