ఇద్దరు కలిసి నడవకూడని సందు

ఆ సందులో ఇద్దరు కలిసి నడవరు. మొగుడూ పెళ్ళాలైనా సరే, ఒకరు అవతల తేలేదాకా రెండోవాళ్ళు ఇవతల గోళ్ళు గిల్లుకుంటూ నిలబడాల్సిందే.

కారణం, మధ్యలో ఉన్న ఖాళీ ఇల్లు.

ఆ లోకంలో ఊహకి ఒక పద్ధతుంది. ఒక్కరే ఊహిస్తే అది గాలి. ఇద్దరు, ఒకరికొకరు చెప్పుకోకుండా, ముమ్మూర్తులా ఒకటే ఊహించారా... అది నిజమై లేచి కూర్చుంటుంది. మిగతాచోట్ల ఇలా ఎప్పుడో గానీ జరగదు. ఆ ఇంటి ముందు మాత్రం కళ్ళు మూసి తెరిచేలోపే. చలికి వణుకుతూ అటు పోతున్న అన్నదమ్ములిద్దరు ఒకే కోటు ఊహించారట. కోటు వచ్చింది. లోపల మనిషి లేడు. అయినా వాళ్ళ గుమ్మందాకా వెనకే నడిచొచ్చి, మర్యాదగా దగ్గిందట.

అలాంటి సందులోంచి, ఓ సాయంత్రం చీకటి పడ్డాక, ఒక వదినా ఆడపడుచూ కుట్టుమిషను మోసుకెళ్ళాల్సొచ్చింది.

ఆడపడుచుని అందరూ బొత్తాం అంటారు. పొట్టిగా గుండ్రంగా ఉంటుందని వదినే పెట్టిన పేరు. అన్నయ్య ఓడ పనిమీద ఏడాదిలో సగం నీళ్ళమీదే ఉంటాడు. ఇంట్లో ఉండేది వీళ్ళిద్దరూ, ముందుగదిలో ఆ మిషనూ. బొత్తాం కత్తిరిస్తుంది, వదిన కుడుతుంది.

ముందురోజు ఒక చొక్కాకి రెండు చేతులూ ఎడమవైపువే కత్తిరించి పెట్టింది బొత్తాం. వదిన పొట్ట పట్టుకుని నవ్వింది. బొత్తాంకి ఒళ్ళు మండిపోయింది.

"అంత గొప్పదానివైతే నీ మిషను తీసుకుని మీ అక్క దగ్గరికి పో," అనేసింది.

నోరు జారింది, అంతే. కానీ వదిన నిజంగానే మూట కట్టేసింది. ఇప్పుడు 'వెళ్ళొద్దు' అనే ఒక్క మాట బొత్తాం గొంతులో ఎముకలా అడ్డం పడింది. బయటికి రాదు, లోపలికి పోదు.

బండివాడు సందులోకి రానన్నాడు. లాగడానికి తనొకడు, నెట్టడానికి ఇంకొకడు, ఇద్దరైపోతారుగా. అవతల రోడ్డు మీదే ఆగాడు. ఇనప మిషను ఒక్కరు ఎత్తే బరువా మరి.

ఇలా తప్పనప్పుడు ఎవరి ఊహ ఏదో ముందే చెప్పుకుని పంచుకోవాలి. అది అక్కడి ఆనవాయితీ.

"నేను కొమ్ముల దెయ్యాన్ని ఊహిస్తా," అంది వదిన, ఎటో చూస్తూ. "నువ్వు వేరేది చూసుకో."

"అయితే నాది బట్టతలది."

"మీసాలు?"

"నీ దానికుంటే నా దానికొద్దు."

"దెయ్యాల దగ్గర కూడా వంతులే నీకు."

బొత్తాంకి నవ్వొచ్చింది. పంటి బిగువున ఆపుకుంది.

చెరో పక్క పట్టుకుని లేపారు. అడుగులో అడుగు... మిషను చక్రం కిర్రుమంటోంది. ఖాళీ ఇల్లు దగ్గరికొచ్చింది. బట్టతల, బట్టతల, అనుకుంటోంది బొత్తాం. మీసాల్లేవు. బట్టతల...

అప్పుడు కిటికీలో దీపం వెలిగింది.

ఇద్దరూ ఎక్కడివాళ్ళక్కడ ఆగిపోయారు.

"ఒట్టు, నాది బట్టతలే," గుసగుసగా అంది బొత్తాం.

"నాది కొమ్ములదే."

"మరి ఎవరు వెలిగించారొదినా?"

మిషను దించి, మునివేళ్ళమీద లేచి చూశారు. లోపల వాళ్ళింటి ముందుగదే. అదే మిషను. మిషను ముందు ముడి జారిపోయి వదిన. కింద కత్తెర పట్టుకుని బొత్తాం. ఏ మాటకో ఇద్దరూ ఒకరిమీద ఒకరు పడి నవ్వుతున్నారు.

బొత్తాంకి ఒళ్ళంతా చక్కిలిగిలి పెట్టినట్టైంది. బట్టతల వెనకాల ఎక్కడో, దొంగతనంగా, తను ఊహించుకుంటున్నది ఇదే. వదిన వెళ్ళకపోతే ఈపాటికి ఎలా ఉండేదో. కానీ తనొక్కతే అయితే గాలేగా? అంటే...

"కొమ్ములదా?" అంది, వదిన ముఖంలోకి చూస్తూ.

వదిన పెదవి కొరుక్కుంది. "మొదట కొమ్ములదే. తర్వాత నువ్వే అడ్డమొచ్చావు."

"వెళ్ళకొదినా."

"ఆ ముక్క ఇంటిదగ్గరే చెప్పుంటే నా నడుము మిగిలేదిగా, పిల్లా."

సరిగ్గా అప్పుడే కిటికీలో నవ్వులు ఆగిపోయాయి.

"వదినా..." లోపలి బొత్తాం గొంతు, సన్నగా. "బయటెవరో ఇద్దరు మిషను మోసుకెళ్తున్నారు."

"చూడకు."

"నువ్వు నన్నొదిలేసి వెళ్ళిపోతున్నట్టు ఇందాకే ఊహించుకున్నా. ఊరికే... భయమేసి."

లోపలి వదిన మిషను మీంచి చెయ్యి తీసేసింది.

"నేనూ అదే ఊహించానే పిల్లా..."

బయట బొత్తాం తన చేతులు తిప్పి చూసుకుంది. వదిన చెయ్యి గిల్లి చూసింది. వెచ్చగానే ఉంది. లోపలివాళ్ళ బుగ్గలు కూడా ఎర్రగానే ఉన్నాయి.

"ఏం కాదులే," అంది లోపలి వదిన. "నేనెక్కడికీ వెళ్ళనని ఇద్దరం గట్టిగా అనుకుందాం. వాళ్ళే పోతారు."

బయట వదినా ఆడపడుచూ ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. నవ్వు తన్నుకొచ్చింది, ఆగలేదు.

"మేమూ అదే అనుకున్నాం," అన్నారట, ఇద్దరూ ఒకేసారి.

దీపం ఆరిపోయింది.

బండివాడు చూసీ చూసీ, విసుక్కుని ఖాళీ బండితో వెళ్ళిపోయాడు. తెల్లారి చొక్కా కోసం వచ్చినాయనకి, ముందుగదిలో మిషను దగ్గర వదినా ఆడపడుచూ ఒకరిమీద ఒకరు పడి నవ్వుకుంటూ కనిపించారు.

రాత్రి కిటికీ సంగతి వాళ్ళ నోటే విన్నాక, మీరు ఏ ఇద్దరని అడగడానికి ఆయనకి నోరు రాలేదట.