మామ్మల కోసం ఆగిన కీబోర్డు

"కీబోర్డు గారూ, మీకేమన్న రైలు టైమైతుందా?"

శనివారం సాయంత్రం, మెటియాబ్రుజ్ తెలుగు చర్చిలో క్వయర్ ప్రాక్టీసు. పాట మధ్యలో ఆపేసి మరీ అడిగింది కొత్తమ్మాయి. ఫెలిక్స్ వేళ్లు కీల మీదే ఆగిపోయాయి. అతని ఇరవయ్యారేళ్ల జీవితంలో అలా మధ్యలో ఆపినవాళ్లు లేరు.

"ఏటండి, ఏటైంది?"

"మామ్మలు చరణం ఆఖరుకు రాకముందే మీరు పల్లవికి ఉరుకుతున్నరు. పాపం, వాళ్లు మీ ఎంట ఉరకాల్నా?"

వెనక బెంచీలో ముసలమ్మలు ముసిముసిగా నవ్వారు. ప్రతి చరణం చివరా ఓపిగ్గా సాగదీయడం ఆ చర్చి మామ్మలకు ఎప్పటినుంచో అలవాటు. రేవు పనికి విశాఖ వైపు నుంచి ఈ బెంగాలీ నగరానికి వచ్చిన కుటుంబాలు వెంట తెచ్చుకున్న అలవాటది. ఫెలిక్స్ ఏనాడూ దానికోసం ఆగలేదు.

"బాగడిగినావమ్మా!" అంది డోర్కాస్. ఫెలిక్స్‌కి సొంత నాన్నమ్మ ఆవిడ. "ఈడు పుట్టడం కూడా ఏడో నెల్లోనే పుట్టీసినాడు."

అలా పరిచయమైంది కారుణ్య. ఊరు ఖమ్మం. సెక్టార్ ఫైవ్‌లో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం, నగరానికి అటు చివర న్యూ టౌన్‌లో గది. తెలుగులో ప్రార్థన వినాలని రెండు బస్సులు మారి మరీ వస్తుంది.

"వారమంతా ఏం చేస్తరు మీరు?"

"ఇండీ రాక్ అండి. పాటలు రాసి, వాయించి, పాడతాను."

"బ్యాండ్ పేరేంది?"

"ఫెలిక్స్."

"మిగిలినోళ్లు?"

"అందరూ నానేనండి. గిటారు, బేస్, డ్రమ్స్, మాండొలిన్, ట్రంపెట్."

"మరి బ్యాండ్‌ల కొట్లాటొస్తే?"

"రోజూ వస్తాది."

ఆమె పకపకా నవ్వింది. ఆ నవ్వు పుణ్యమా అని మర్నాడు ఆరాధనలో ఫెలిక్స్ రెండు చోట్ల తప్పు వాయించాడు.

అతను అబద్ధం చెప్పలేదు. మూడు బ్యాండ్లలో చేరి మూడింటి నుంచీ బయటపడ్డాడు. డ్రమ్మర్ టీ తాగి వచ్చేలోగా డ్రమ్స్ కూడా తనే వాయించేస్తే ఎవరు మాత్రం ఉంటారు? ఇప్పుడు మేడ మీద గదిలో ఒక్కో వాయిద్యం రికార్డ్ చేసి, ఒకదాని మీద ఒకటి పేరుస్తాడు. మొదలుపెట్టిన పాటలు నలభై. పూర్తయినవి ఆరు.

జూలైలో ఓ శనివారం ప్రాక్టీసయ్యాక వాన పట్టుకుంది. అందరూ చర్చి వరండాలో చిక్కుకుపోయారు. కారుణ్య స్తంభానికి ఆనుకుని ఏదో కూనిరాగం తీస్తోంది. మాటల్లేవు, రాగమే. ఫెలిక్స్ ఫోన్ ఎప్పుడూ రికార్డ్ చేస్తూనే ఉంటుంది. వాన, రేవులో సైరన్లు, దర్జీల మెషీన్లు, ఏదైనా సరే. ఆ రాగమూ అందులో పడింది.

సోమవారం సాయంత్రానికి దాని చుట్టూ పాట తయారైపోయింది. మొదలెట్టిన పాటను ఆపకుండా పూర్తి చేయడం అతనికి అదే మొదటిసారి. శుక్రవారం నెట్‌లో పెట్టేశాడు. వారం తిరక్కుండానే అది ఫోన్ల నిండా మోగింది. బెంగళూరులో జరిగే పెద్ద మ్యూజిక్ ఫెస్టివల్ నుంచి పిలుపొచ్చింది. ఇదే పాట పాడాలి, పెద్ద స్టేజీ మీద.

ఆ శనివారం కారుణ్యకు చెప్పాలని గేటు దగ్గరకే పరిగెత్తాడు. కానీ ఆమె అప్పటికే వినేసింది. ఆఫీసు బస్సులో పక్కమ్మాయి వినిపించిందట.

"అది నా గొంతు."

"అవునండి! సర్‌ప్రైజ్ చేద్దామని..."

ఆమె ఫోన్ అతని ముఖానికి ఎదురుగా పట్టింది. 'మాటలు, రాగం, అన్ని వాయిద్యాలు: ఫెలిక్స్.'

"అన్నీ మీరేనా? ఇది మా నాన్న బంగారయ్య కట్టిన రాగం. నన్ను సైకిల్ మీద బడికి తీస్కపోతా తీసేటోడు. ఆయన పోయి మూడేండ్లయింది. ఈ రాగం ఇప్పుడు లోకంల నా ఒక్కదానికే తెలుసు. ఒక్కసారి అడిగితే చెప్పకపోదునా?"

"అడుగుదామనే అనుకున్నానండి, కానీ..."

"టైం లేదు. మీకెప్పుడున్నది గనుక?"

గొడుగు కూడా తెరవకుండా వానలోనే వెళ్లిపోయింది.

తర్వాత రెండు ఆదివారాలు ఆమె చర్చికి రాలేదు. ఫెలిక్స్ కాలు గదిలో ఒక్క చోట నిలవలేదు. ఆ గొంతు తీసేసి వయొలిన్ పెట్టాడు, మౌతార్గాన్ పెట్టాడు, ఆఖరికి తనే ఈల వేశాడు. ఏదీ అతకలేదు. అతికినా ఆ రాగం బంగారయ్యదే.

డోర్కాస్ మామ్మ టీ గ్లాసుతో మేడెక్కింది. "ఏట్రా, ఇల్లు కూలగొట్టీసేలాగున్నావు?"

మొత్తం చెప్పాడు.

"అడక్కుండా తెచ్చుకున్నావు. ఇచ్చీరా."

"ఇచ్చేస్తే ఫెస్టివల్ పోద్ది మామ్మా. నాకు మళ్లీ ఇలాంటి ఛాన్స్ రాదు."

"నీకా పిల్ల కావాలా, స్టేజీ కావాలా?"

ఫెలిక్స్ మౌతార్గాన్ పక్కన పెట్టాడు. చెప్పాల్సింది ఒక్కటే. ఆమె లేని ఆదివారాలు తనవల్ల కావడం లేదు.

ఆ పూటే పాటను అన్ని చోట్లా తీసేశాడు. రాగం తనది కాదని ఫెస్టివల్ వాళ్లకు రాశాడు. ఆ పాట కోసమే పిలిచామని, అది లేకపోతే ఇంకో ఏడాది చూద్దామని వాళ్లు మర్యాదగా జవాబిచ్చారు. కారుణ్యకు రెండు మాటలు పంపాడు. 'పాట తీసేశాను. క్షమించండి.' జవాబు రాలేదు.

ఆదివారం. మొదటి చరణం చివరికొచ్చింది. ఫెలిక్స్ కీబోర్డు మీంచి చేతులు ఎత్తేసి ఆగాడు.

కరెంటు పోయిందేమోనని ముందు వరసవాళ్లు ఫ్యాన్ల వైపు చూశారు. మామ్మలు మాత్రం నింపాదిగా సాగదీశారు, గుక్క తిప్పుకున్నారు, మళ్లీ సాగదీశారు. అన్నేళ్లలో మొదటిసారి ఫెలిక్స్ దాన్ని చివరిదాకా విన్నాడు. బాగుంది. ఆ ముసలి గొంతుల మధ్య ఒక పడుచు గొంతు కూడా ఉంది.

తల తిప్పి చూడలేదు. వాళ్లంతా ముగించాకే పల్లవి అందుకున్నాడు.

ఆరాధనయ్యాక వరండాలో మళ్లీ వాన. డోర్కాస్ మామ్మ చేయి పట్టుకుని కారుణ్య ఆటో కోసం నిలబడింది.

"ఇయ్యాల రైలు లేదా?"

"ఎల్లిపోయిందండి."

"మామ్మ ఫోన్ చేసి అంతా చెప్పింది." వానలోకి అరచేయి చాపింది. "పాట తీసేసినంక రోజూ బస్‌ల వెతుక్కున్న. అప్పుడు కోపంతోనే విన్న గానీ, నాన్న రాగానికి డ్రమ్స్ మంచిగున్నయి."

"మళ్లీ చేద్దామా? రాగం బంగారయ్య గారిదని అన్నిటికన్నా ముందు రాస్తాను. మీరు పాడతారా?"

"పాడత."

అక్కడితో ఆగొచ్చు. కానీ అతను ఫెలిక్స్.

"ఇంకోటి అడగొచ్చాండి?"

"అడగండి."

"మీరంటే నాకు చాలా ఇష్టం. పాట కోసం కాదు. మీతోనే ఉండిపోవాలని ఉంది."

కారుణ్య చెవులు ఎర్రబడ్డాయి. "ఆటో వచ్చేదాక ఆగండి."

ఫెలిక్స్ ఆగాడు. వేళ్లతో రెయిలింగ్ మీద తాళం వేయలేదు, కాలు ఆడించలేదు. ఆ రోజు ఆటోలన్నీ ఎక్కడికి పోయాయో దేవుడికే తెలియాలి.

ఎట్టకేలకు ఒకటి వచ్చింది. ఆమె మామ్మను ఎక్కించి, తనూ ఎక్కి, డ్రైవర్ పక్క సీటు చూపించింది.

"ముందు కూసోండి. ఖమ్మంల మా అమ్మకు వీడియో కాల్ చేస్త. మీరే అడగాలి."

"ఏటని అడగాలండి?"

"అడుగుడు ఇప్పుడే గద నేర్చుకున్నరు!"

మామ్మ ముందుకు వంగి డ్రైవర్ భుజం తట్టింది. "దాదా, మెల్లగా పోనీ. మావోడికి ఇయాల తొందర్లేదు."