ఆపరేషన్ రసీదు

టైడా స్టేషన్ బయట బొంగులో చికెన్ అమ్మేవాడు ఒక్కడే ఉన్నాడు. ఉదయం ఆరున్నర. ఆ వేళకి బొంగులో చికెన్ ఎవడు తింటాడు? ఎవడూ తినడు. అందుకే కల్నల్ జాకబ్ ఆ వేషం వేశాడు.

రవిబాబు బైకు ఆపి దగ్గరకెళ్ళాడు. గూఢచారి సెక్షన్‌లో అతని నంబరు నలభై ఒకటి. వయసు యాభై రెండు. పాతికేళ్ళ సర్వీసు. ఒక్క ప్రమోషన్.

"కాఫీ పువ్వు రాలిందా?" అన్నాడు.

"వాన పడితే చెప్తాను," అన్నాడు జాకబ్.

కోడ్ సరిపోయింది. రవిబాబు రాయి మీద కూర్చున్నాడు.

"పని చిన్నది. సాయంత్రం నాలుగు లోపల అవ్వాలి."

"చిన్న పనులే నా ప్రాణం తీస్తున్నాయి సార్."

జాకబ్ మంట ఎగదోశాడు. "జోడుగెడ్డ తెలుసా?"

"పదహారు ఊళ్ళు. రెండు రాష్ట్రాలూ మావే అంటాయి."

"అదే. యాభై రెండులో అక్కడ మొదటి ఓటు. అప్పటికి మద్రాసు రాష్ట్రం. యాభై ఐదులో ఆంధ్రా వాళ్ళు పెట్టెలు మోసుకెళ్ళారు. యాభై ఏడులో ఒడిశా వాళ్ళు మోసుకెళ్ళారు. అప్పట్నుంచి ప్రతి అసెంబ్లీ ఎన్నికకీ రెండు జాబితాలు, రెండు పెట్టెలు, ఇద్దరు ఎమ్మెల్యేలు."

"రోడ్లు?"

"సగం రోడ్డు. సరే, విను. ఇవాళ నాలుగింటికి సాలూరులో సరిహద్దు కమిటీ ఆఖరి సిట్టింగ్. వాళ్ళడిగేది ఒక్కటే. మొదటి ఎన్నికనాడు ఆ కొండ మీద మనుషులున్నారా, లేరా? ఉన్నారంటే ఊళ్ళు ఉంటాయి. లేరంటే అది ఖాళీ అడవి. లీజుకిచ్చేస్తారు. పదహారు ఊళ్ళనీ దింపేస్తారు."

"లీజు ఎవడికి?"

"ఆర్బిట్ నైన్. విదేశీ ముఠా. పైకి కంపెనీ బోర్డు. కొండ కింద ఖనిజం వాళ్ళ క్షిపణులకి కావాలి. మొదటి ఓటర్ల పుస్తకం కాపీలు రెండు ఉండేవి. పోయిన నెల రెండూ మాయం. మూడోది ఒకటి జోడుగెడ్డలో గాసి అనే ముసలాయన దగ్గరుంది. అది సాలూరు చేర్చు. జోడుగెడ్డలో మన మనిషి ఉంది. గాయత్రి. కోడ్ ఇదే."

జాకబ్ బొంగులోంచి ఒక వాచీ తీశాడు. మసాలా వాసన కొట్టింది.

"బటన్ నొక్కితే లేజర్. ఇనుముని కోస్తుంది."

"పోయినసారి వెలగలేదు సార్."

"సర్వీసింగ్ చేయించాం. నీ వేషం కాఫీ గింజల వ్యాపారి."

"ఏప్రిల్లో కాఫీ గింజలెక్కడివి సార్?"

జాకబ్ వినిపించుకోలేదు. "చికెన్ తింటావా?"

"తినను."

*

అరకు దాటాక రోడ్డుకి అడ్డంగా దుంగ. దుంగ వెనక పదిమంది ఆడవాళ్ళు. నవ్వుతున్నారు.

ఇటుకల పండగ. మగవాళ్ళంతా వేటకి పోయారు. ఆ నాలుగు రోజులూ రోడ్డు ఆడవాళ్ళది. పండగ చందా ఇవ్వాలి. రెండడుగులు థింసా ఆడాలి. అప్పుడు దుంగ లేస్తుంది. కలెక్టర్ జీపైనా అంతే.

రవిబాబు చందా ఇచ్చాడు. ఆడాడు. దుంగ లేచింది. మలుపు తిరిగాడు. ఇంకో దుంగ.

జోడుగెడ్డ చేరేసరికి పదకొండు దుంగలు. ఎనిమిదో దుంగ దగ్గర మోకాలు పట్టేసింది. ఎవరి కంటా పడకుండా పోవడం గూఢచారికి మొదట నేర్పే పాఠం. ఆ ఉదయం రవిబాబుని రెండు వందల మంది చూశారు. చప్పట్లు కూడా కొట్టారు.

జాకబ్‌కి చెప్దామని ఫోను తీశాడు. ఈ బండ మీద నిలబడితే ఒక రాష్ట్రం టవర్. ఆ బండ మీద నిలబడితే రెండో రాష్ట్రం టవర్. రెండూ స్వాగతం అని మెసేజ్ పెట్టాయి. కాల్ మాత్రం ఏదీ కలపలేదు.

పదకొండో దుంగ దిగువ జోడుగెడ్డలో. రోడ్డు అక్కడితో సరి. ఎగువకి కాలిబాటే. దుంగ ఇవతల ఒక కొత్త జీపు ఆగి ఉంది. దుంగ మీద ఒక నడివయసు మనిషి కాళ్ళూపుకుంటూ కూర్చుంది. ముక్కుకి మూడు పుడకలు. పేరు సోములమ్మ.

"ఏటి బావూ, ఎవులు నువ్వు?"

"కాఫీ గింజలు కొంటాను."

ఆడవాళ్ళు పడీ పడీ నవ్వారు. "ఇటుకల పండక్కి గింజలేటి బావూ? సంకురాత్రి ఎల్లగానే ఎత్తుకుపోనారు కదా! ఈయనెవులో దారి తప్పినాడే!"

రవిబాబు పళ్ళు కొరుక్కుంటూ ఆడాడు. దుంగ పక్కన రెండు పెద్ద కుండలు కనిపించాయి. వాసన వేస్తున్నాయి.

"అవేంటి?"

"పేడనీళ్ళు. ఏటకెల్లినోడు ఏదో ఒకటి సంపి తేవాల. కుందేలో, అడవికోడో. ఉత్త సేతుల్తో ఊళ్ళోకొత్తే ఇది నెత్తి మీద పోత్తాం. అందుకే ఏటీ దొరకనోడు పొద్దోయేదాకా తుప్పల్లోనే నక్కుంటాడు." సోములమ్మ అతని చేతులకేసి చూసింది. "నువ్వు ఏటగాడివి కావులే. ఎల్లు."

*

ఎగువ జోడుగెడ్డలో మధ్యాహ్నం పన్నెండున్నర. గాసి ఇంటి అరుగు మీద గాయత్రి కూర్చుని ఉంది. నల్ల కళ్ళద్దాలు. ఎర్ర పెదాలు. ఆ ఎండలో కూడా చెమట లేదు.

"వాన పడితే చెప్తాను," అంది రవిబాబు అడగ్గానే. చెయ్యి కలిపింది. సెంటు వాసన. "నేనూ ఇప్పుడే వచ్చాను. ముసలాడు ఇవ్వడు. ఏదో కావాలంటాడు."

గాసికి ఎనభై దాటాయి. కాళ్ళ దగ్గర మూరెడు పొడుగు వెదురు బొంగు. రెండు చివరలా మైనంతో మూసి ఉంది.

"పుస్తకం ఇందులోనే ఉందా తాతా?"

"ఉంది. రసీదు ఏదీ?"

"ఏం రసీదు?"

గాసి నెమ్మదిగా చెప్పాడు. చాలాసార్లు చెప్పినవాడిలాగ చెప్పాడు.

"మొదటి ఓటు అయిపోనాక గెడ్డ పొంగినాది. ఓటు బాబు పెట్టెలు నెత్తినెట్టుకుని దాటేసినాడు. పుస్తకం తడిసిపోద్దని మా అయ్య సేతిలో ఎట్టినాడు. 'వారంలో వొత్తాను. రసీదు లేకండా ఎవులికీ ఇవ్వకు' అన్నాడు. మరి రానేదు. అయ్య సచ్చిపోతా నాకిచ్చినాడు. అదే మాట సెప్పినాడు."

"తరవాత ఎవరికీ ఇవ్వలేదా?"

"ఇవ్వకేం! ప్రతి ఓటుకీ పట్టుకెల్లేను. ఈ రాజ్జెం బాబు 'ఇది మాది కాదు, ఆళ్ళకియ్యి' అంటాడు. ఆ రాజ్జెం బాబు 'మాది కాదు, ఈళ్ళకియ్యి' అంటాడు. ఓపాలి ఇద్దరూ ఒకే రోజొచ్చి ఒకే బడి అరుగు మీద సెరో పక్కన కూకున్నారు." గాసి రెండు చేతుల చూపుడువేళ్ళు చూపించాడు. "ఈయేలికి ఆళ్ళ సిరా. ఈయేలికి ఈళ్ళ సిరా. మజ్జిలో నిలబడి అడిగేను, బాబూ, ఎవులో ఒకరు రసీదు రాయండీ అని. ఇద్దరూ ఏటి సేసినారో తెలుసా? బోజనానికి లేసిపోనారు."

"ఇవాళ ఇవ్వకపోతే ఊరు పోతుంది తాతా."

"నాకు తెల్దా? మూడో కాయితంలో మా యమ్మ పేరుంది. సుక్రి. అది పోతే మా యమ్మ ఈ కొండ మీద పుట్టనట్టే గదా? అందుకే అడుగుతన్నాను. పేరు రాసి, సంతకం ఎట్టి, ముద్దరెయ్యి. తీసుకెల్లు."

రవిబాబు పెన్ను తీశాడు. ఆగాడు. ఏం పేరు రాస్తాడు? సొంత పేరు రాయకూడదు. దొంగ పేరు రాస్తే ఆ కాగితం చెల్లదు. ముద్ర అసలే లేదు. సెక్షన్‌కి బోర్డు లేదు, లెటర్‌హెడ్ లేదు. పాతికేళ్ళుగా రవిబాబు ఎక్కడా సంతకం పెట్టలేదు. జీతం కూడా చేపల సొసైటీ పేరు మీద వస్తుంది. వాచీ చూసుకున్నాడు. ఒంటిగంట. ఒళ్ళు మండిపోయింది.

"ఇంత చిన్నదానికా?" అంది గాయత్రి. హ్యాండ్‌బ్యాగ్ తెరిచింది. తెల్ల కాగితం తీసి గబగబా రాసింది. సంతకం పెట్టింది. రబ్బరు స్టాంపు తీసి ఠక్కుమని కొట్టింది.

గాసి ముఖం వెలిగింది. బొంగు తీసి ఆమె చేతిలో పెట్టాడు.

రవిబాబు ఆ స్టాంపుకేసే చూస్తున్నాడు. గూఢచారి బ్యాగులో స్టాంపా? సెక్షన్‌లో ఎవరికీ లేదు. జాకబ్‌కే లేదు.

"ఎవరి స్టాంపు అది?" అన్నాడు.

"ఆలస్యంగా అడిగారు." ఆమె చేతిలోకి లిప్‌స్టిక్ వచ్చింది. మూత తీసింది. లోపల రంగు లేదు. సన్నటి గొట్టం ఉంది. "ఒకే బులెట్. మీ ఇద్దరిలో ఎవరికి కావాలో తేల్చుకోండి."

"ఆర్బిట్ నైన్?"

"వాళ్ళు మూడేళ్ళలో మూడు ప్రమోషన్లు ఇచ్చారు రవిబాబు గారూ. మీకెన్ని?"



ఇంటి వెనక నుంచి ఇద్దరు వచ్చారు. తలపాగా, విల్లు, అంబులపొది. అచ్చం వేటగాళ్ళు. కొండ మీద ఎవరూ ఆపకుండా ఆ వేషం. ముసలాడినీ రవిబాబునీ లోపలికి నెట్టి బయట గొళ్ళెం పెట్టారు. అడుగుల చప్పుడు దిగువకి పోయింది.

రవిబాబు వాచీ బటన్ నొక్కాడు. వాచీ టైము చూపించింది. ఒంటిగంటా పది. మళ్ళీ నొక్కాడు. ఒంటిగంటా పదకొండు. తలుపుని ఒక తన్ను తన్నాడు. ఆ కాలిదే పట్టేసిన మోకాలు.

"ఏటి సేత్తన్నావు బావూ?" అన్నాడు గాసి. "ఇటు మేకల దారుంది."

"బేగి రా తాతా! జీపెక్కేస్తారు!"

"ఆ ఇద్దర్నీ సూసినావా? బుజం మీద ఏటన్నా ఉందా?"

"ఏమీ లేదు."

"మరింకేటి? ఉత్త సేతుల్తో, పట్టపగలు, ఊరి మజ్జిలోంచి ఎల్తన్నారు." గాసి చేతికర్ర తీసుకున్నాడు. "నెమ్మదిగా నడు. మోకాలు జాగర్త."

*

వాళ్ళు దిగువకి చేరేసరికి మొదటి కుండ ఖాళీ అయిపోయింది.

విల్లులు బురదలో ఉన్నాయి. వేటగాళ్ళిద్దరూ తల నుంచి కాలిదాకా ఆకుపచ్చగా ఉన్నారు. ఒకడు తుడుచుకుంటూ ఏదో భాషలో అరిచాడు. రెండోవాడు నడుంలోంచి పిస్టల్ లాగాడు. పేడకి జారి కింద పడింది. దాని మీద ఒక ముసలమ్మ కూర్చుంది.

"మావోడైతే నవ్వుతా పారిపోతాడు!" అంటోంది సోములమ్మ. "ఈడు తిడతన్నాడు! అదీ ఏ బాసో! ఒలే, పట్టండే ఈళ్ళని!"

పాతికమంది ఆడవాళ్ళు మీద పడ్డారు.

గాయత్రి మాత్రం ఆ గోలలో దుంగ దాటేసింది. జీపు దగ్గరుంది. రవిబాబుని చూసింది. బొంగు నేల మీద పడేసి, వెనక నుంచి పెట్రోలు డబ్బా తీసి దాని మీద ఒంపింది. ఎడమ చేతిలో లిప్‌స్టిక్. కుడి చేతిలో లైటర్.

"ఎవరూ కదలొద్దు. నాకు పుస్తకం అక్కర్లేదు. అది లేకపోతే చాలు."

ఎవరూ కదల్లేదు. పదిహేను అడుగుల దూరం. రవిబాబు మోకాలు ఆ దూరం పరుగెత్తదు. వాచీ బటన్ ఇంకోసారి నొక్కాడు. రెండు గంటలు.

"అమ్మీ," అన్నాడు గాసి. "మా యమ్మ పేరుంది అందులో."

గాయత్రి బొటనవేలు లైటర్ చక్రం మీద పడింది. రవ్వ లేచింది.

రెండో కుండ కూడా లేచింది.

సోములమ్మ గురి తప్పలేదు. కళ్ళద్దాలు, ఎర్ర పెదాలు, సెంటు వాసన, లైటర్ అన్నీ ఒక్కసారే పోయాయి. లిప్‌స్టిక్ పేలింది. జీపు టైరులో గాలి దిగింది.

"దుంగ దాటింది, సిందెయ్యనేదు," అంది సోములమ్మ కుండ దించుతూ. "అప్పుడే అనుకున్నాను."

రవిబాబు బొంగు ఎత్తాడు. బయట పెట్రోలు, పేడ. మైనం చెక్కుచెదరలేదు. ఆడవాళ్ళు ఆ ముగ్గుర్నీ చెట్టుకి కట్టేసేలోపు టైరు మార్చి, గాసిని ఎక్కించుకుని జీపు తీశాడు. సోములమ్మ కొండకేసి తిరిగి ఒక కూత వేసింది. అవతలి కొండ అందుకుంది. సాలూరు దాకా ప్రతి దుంగా లేచే ఉంది.

"ఈ కూత పొద్దున్న నాకు వెయ్యకూడదా?" అన్నాడు రవిబాబు.

"పొద్దున్న నువ్వు గింజలోడివి కదా," అన్నాడు గాసి.

*

మూడూ యాభై ఎనిమిది. కమిటీ గుమాస్తా ఫైళ్ళు కట్టేస్తున్నాడు.

"తెచ్చినవారి పేరు, హోదా?"

రవిబాబు కిటికీలోంచి బయటికి చూశాడు.

"గాసి," అన్నాడు ముసలాయన. "ఓటరు."

చైర్మన్ మైనం కోయించాడు. పుస్తకం పొడిగా బయటికొచ్చింది. నాలుగు వందల పన్నెండు పేర్లు. చైర్మన్ మూడో కాగితం దగ్గర ఆగి పైకే చదివాడు. సుక్రి, వయసు ఇరవై ఆరు. గాసి తలపాగా తీసేశాడు.

ఆ కొండ మీద మొదటి ఎన్నికనాడు మనుషులున్నారని కమిటీ రాసుకుంది. లీజు ఆగిపోయింది. ఆ మనుషులు ఏ రాష్ట్రం వాళ్ళో తేల్చడం వచ్చే ఎన్నికల తరవాతకి వాయిదా వేసింది.

"రసీదు," అన్నాడు గాసి.

"ఫారాలు అయిపోయాయి. సోమవారం రా," అన్నాడు గుమాస్తా.

గాసి గుమ్మానికి అడ్డంగా నేల మీద కూర్చున్నాడు. లేవలేదు. బయటికి పోవడానికి వేరే దారి లేదు. అయిదు నిమిషాలకి చైర్మనే తెల్ల కాగితం తీసుకుని సొంత చేత్తో రాశాడు. ముట్టినది అని. సంతకం, తారీకు, ముద్ర.

ఆ రసీదు కోసం చూడబట్టి డెబ్బై ఏళ్ళు దాటింది. గాసి దాన్ని నాలుగు మడతలు పెట్టి తలపాగాలో దోపుకున్నాడు.

పొద్దుగూకే వేళకి జీపు దిగువ జోడుగెడ్డ చేరింది. దుంగ పడి ఉంది. పక్కన కుండ. కొత్తగా కలిపారు.

"ఏటి తెచ్చినారు?" అంది సోములమ్మ.

గాసి తలపాగాలోంచి రసీదు తీసి చూపించాడు. ఆడవాళ్ళంతా మూగి, చదవడం రాకపోయినా ముద్ర తడిమి చూసి, అతనికి దారిచ్చారు.

సోములమ్మ రవిబాబుకేసి తిరిగింది. అతని చేతుల్లో ఏమీ లేదు. పొద్దున్నుంచీ ఏం చేశాడో చెబుదామంటే అది ప్రభుత్వ రహస్యం.

ఆమె కుండ ఎత్తింది.