గరాజ్‌లో అమ్మ

ఆదివారం పొద్దున్నే అమెరికాలో, హెర్న్‌డన్‌లోని తమ ఇంట్లో వసుమతి ఒక చేత్తో దోసెలు పోస్తూ, ఇంకో చేత్తో ఫోన్‌లో స్నేహితులను పిలిచేస్తోంది. కూతురు అవని టీవీ సీరియల్‌కి రాసిన మొదటి ఎపిసోడ్ వచ్చే వారమే మరి! ఆ సంబరం చూస్తూ అవని దోసెను ముక్కలు చేస్తోందే కానీ తినడం లేదు.

ఆ సీరియల్ నిర్మాత యోర్గ్ జర్మనీవాడు. హాంబర్గ్‌లో పోలీసు సీరియళ్లు రాసి పేరు తెచ్చుకుని అమెరికా వచ్చినవాడు. తన మొదటి సినిమాలో కన్నతల్లి కష్టాన్ని ఆమెకు చెప్పకుండా వాడుకున్నాడు. ఆవిడ పోయేదాకా అతనితో మాట్లాడలేదు. అందుకే తన దగ్గర రాసేవాళ్లకు ఒకటే షరతు: ఇంట్లోవాళ్ల గురించి రాస్తే ముందు వాళ్లకు చదివి వినిపించాలి. "వినిపించావా?" అని అతను అడిగితే, వినిపించకపోయినా అవని అవునని తలూపేసింది. అంత తేలిగ్గా ఎలా ఊపానా అని ఇప్పుడు తన మీద తనకే అసహ్యంగా ఉంది.

"అమ్మా, ఎవర్నీ ఇన్వైట్ చేయకు."

"ఇదేం గోలే! చాముండేశ్వరి గారెలు కూడా తెస్తానంది."

"అందులో నువ్వున్నావ్."

"నేనా?" వసుమతి మురిసిపోయింది. "ఏం చేస్తానేంటి?"

"ఆఫీస్ నుంచి వచ్చి, గరాజ్‌లో కార్ దిగకుండా ఏడుస్తావ్. రోజూ."

గరిటె ఆగిపోయింది. తండ్రి కృష్ణమోహన్ ఫోన్ పక్కన పెట్టాడు. "ఏడవడమేంటి వసూ? ఎప్పుడు?"

"మా అమ్మ పోయినప్పుడు. వెళ్తే వీసా స్టాంపింగ్‌లో ఇరుక్కుపోయి తిరిగి రాలేమని ఇండియా వెళ్లలేదు కదండీ. మీరు బాధపడతారని ఇంట్లో ఏడవలేదు."

ఆయన లేచి వెళ్లి ఆమె చేతిలోని గరిటె తీసుకున్నాడు.

"సారీ అమ్మా. యోర్గ్‌తో అబద్ధం చెప్పాను. ఆ సీన్ కట్ చేయిస్తా. జాబ్ పోయినా పర్లేదు."

"సీన్ సంగతి సరే. నువ్వెలా చూశావ్?"

"లాండ్రీ రూమ్ డోర్ సందులోంచి. చిన్నప్పుడు."

వసుమతి కూతురి వైపు తిరిగింది. "రోజూ చూసి, ఒక్కసారైనా నా దగ్గరికి రాలేదా తల్లీ?"

 భయమేసిందని అవని చెప్పొచ్చు. కానీ అది నిజం కాదు.

"రాలేదమ్మా. చూస్తూ నిల్చున్నా, అంతే." అంటూనే భోరుమంది.

 వసుమతి స్టవ్ ఆపి, కళ్లు తుడుచుకుని, సోఫాలో కూర్చుంది.

"ముందు ఆ యోర్గ్‌కి ఫోన్ చేసి నిజం చెప్పు. తర్వాత ఆ సీన్ నాకు చూపించు. ఉంచాలో వద్దో నేను చెప్తా. ఈసారి దూరంగా నిల్చోకు. ఇలా వచ్చి నా పక్కన కూర్చో."