పిలుపుగద్దె దగ్గర దిగబడిన బండి

లక్సెట్టిపేట దాటి అడవిలోకి పోయే దారిలో, వాగు ఒడ్డున ఒక రాతి గద్దె ఉంది. పిలుపుగద్దె అంటారు. చీకటి పడ్డాక అక్కడ ఎవరూ ఎవరినీ పేరు పెట్టి పిలవరు. పక్కనున్నవాడు వాగులో జారిపడినా సరే — "ఓ... ఓ..." అని అరుస్తారే తప్ప పేరెత్తరు.

ఎందుకంటే అది పక్కనున్న ఊరి దింపుడు కళ్లం. శ్మశానానికి పోతూ పాడెను అక్కడ దించుతారు. అయినవాళ్లు ఒంగి, చెవిలో మూడుసార్లు పేరు పెట్టి పిలుస్తారు. లేస్తాడేమోనని ఆశ. ఇన్నేళ్లలో ఒక్కరూ లేవలేదు. కానీ పలికినవాళ్లు ఉన్నారని... ఊళ్లో చెప్పుకుంటారు.

నాకు దెయ్యాల మీద నమ్మకం లేదు — పగటిపూట అసలే లేదు. ఈ సంగతి చెప్పిన హనుమండ్లు ఆదిలాబాద్‌వాడు, అంబులెన్స్ డ్రైవర్. గల్ఫ్‌లో పోయినవాళ్ల పెట్టెలను హైదరాబాద్‌లో ఎక్కించుకొని ఊళ్లకు చేరుస్తాడు. మామూలుగా గోరంతను కొండంత చేసే మనిషి. ఇది మాత్రం గొంతు తగ్గించి చెప్పాడు.

ఆ రోజు పెట్టె ఆ ఊరి సంపత్‌ది. వెంట అతని భార్య నవనీత, అన్న లక్ష్మణ్. శవం చూడదగ్గ స్థితిలో లేదు, పెట్టె తెరవొద్దు అని అక్కడి నుంచే చెప్పి పంపారట. కడసారి ముఖం చూసే రాత కూడా లేకపోయింది ఆమెకు. దారంతా పెట్టె మీద నుంచి చెయ్యి తీయలేదు.

వానలు పడి దారి బురదబురదగా ఉంది. వాగు దగ్గరికి వచ్చేసరికి చీకటి పడింది. చక్రం దిగబడింది. బరువు దించితే గాని బండి కదలదు. ఎదురొచ్చిన ఊరివాళ్లు తలా ఓ చెయ్యి వేసి పెట్టెను దించారు. బురద లేని చోటు ఒక్కటే — ఆ గద్దె.

"ఇల్లు చేరకముందే గీడ దింపుడేంది?" లక్ష్మణ్ గొణిగాడు.

"జర ఆగు. బండి లేసేదాకనే," అన్నాడు హనుమండ్లు.

మగవాళ్లంతా బండి వెనక చేరి నెడుతున్నారు. నవనీత పెట్టె పక్కన కూర్చుంది... మెల్లగా ఒంగింది... తలవైపు మూతకు నోరు ఆనించింది.

లక్ష్మణ్ చూశాడు. "వద్దు... పిలువకు!" అన్నాడు. ఆపుదామని హనుమండ్లు టార్చి పట్టుకొని ఉరికాడు.

పెళ్లయిన నాటి నుంచి ఆమె మొగుడి పేరు నోటితో పలికింది లేదు. అదే మొదటిసారి.

"సంపత్..."

వాగు చప్పుడు.

"సంపత్..."

"సంపతూ..."

పెట్టెలోంచి — సన్నగా, గొంతు ఎండిపోయిన మనిషి మాట్లాడినట్టు — ఏదో వినబడింది.

హనుమండ్లు అప్పటికి పెట్టె దగ్గరికి చేరాడు. నవనీత అతని చెయ్యి పట్టి గుంజింది.

"అన్నా! పలికిండు! నా మనిషి బతికే ఉండు! ఏమన్నడు? నాకు సమజ్ కాలే... ఏమన్నడన్నా?"

హనుమండ్లుకు సమజయింది. ఆదిలాబాద్‌లో పెరిగినవాడికి మరాఠీ పరాయి భాష కాదు.

"తే మాఝం నావ్ నాహీ."

అది... నా పేరు కాదు.

ఆ మాట హనుమండ్లు చెప్పగానే లక్ష్మణ్ జాకీ రాడ్డుతో మూత లేపేశాడు. టార్చి వెలుగులో ఒక పెద్దాయన ముఖం. తెల్లమీసాలు. చచ్చి చాలా రోజులైన ముఖం... పెదవులు బిగుసుకుపోయి ఉన్నాయి. ఆ పెదవులు కదిలి ఉంటాయంటే ఎవరూ నమ్మరు.

"గీయన ఎవలో! మా ఆయన కాదు బావా, మా ఆయన కాదు!" నవనీత నవ్వింది, ఏడ్చింది, మళ్లీ నవ్వింది. ఆ పెద్దాయనకు దండం పెట్టింది. "మా ఆయన ఆడనే ఉండు. పొద్దుగాల ఫోన్ జేస్తడు, సూడుండ్రి," అని అందరికీ చెప్పింది. అంత సంతోషంగా ఉన్న మనిషిని తాను ఎన్నడూ చూడలేదని హనుమండ్లు అన్నాడు. పెట్టెలు మారి ఉంటాయని మాత్రం అతనికి అప్పటికే అనుమానం వచ్చింది.

పొద్దున ఫోన్ వచ్చింది. సంపత్ చేయలేదు. అతనితో పనిచేసినవాళ్లు చేశారు. అక్కడ రెండు పెట్టెల మీద పేర్లు తారుమారయ్యాయి. సంపత్ పెట్టె పెన్‌గంగ అవతల, మహారాష్ట్రలో ఏదో పల్లెకు పోయింది. వాళ్లూ తెరవలేదు. ముందురోజే కాల్చేశారు.

నవనీత ఏడవలేదు. హనుమండ్లు వైపు తిరిగింది.

"ఆయనకు మరాఠీ ఒక్క ముక్క రాదన్నా... అగ్గి పెట్టేటప్పుడు, గా పేరు నాది కాదని వాళ్లకు ఎట్ల చెప్పుకున్నడో?"