నాలుగు వందల పదిహేడో బిళ్ళ

నేను పనిచేసే చోటు పేరు చెప్పను. లాలాగూడ వైపు రైలు పెట్టెలు బాగుచేసే షెడ్డు, అంతవరకు చాలు. పొద్దున గేటు దగ్గర కిటికీలోంచి మాకు ఒక్కొక్క ఇత్తడి బిళ్ళ ఇస్తారు. దాని మీద నంబరు ఉంటుంది. సాయంత్రం తిరిగిచ్చేస్తే హాజరు పడినట్టు. మధ్యలో దానికి ఇంకో పని ఉంది. పెట్టె కింద ఉండే గుంతను పిట్ అంటాం. అందులోకి దిగేవాడు తన బిళ్ళను పెట్టె చివర వేలాడే గొలుసు కొక్కేనికి తగిలించి దిగాలి. అక్కడ బిళ్ళ ఉన్నంతసేపు ఆ పెట్టెను ఎవరూ కదపరు. తగిలించినవాడే దాన్ని తీసుకోవాలి. ఇంకొకరు ముట్టుకోకూడదు.

నా నంబరు 417. అది మా నాయన వీరయ్యది. ఇరవై ఆరేళ్ళు ఆయన చేతిలో అరిగింది.

నేను జావా ప్రోగ్రాములు రాసే కంపెనీ 2001 మార్చిలో మూతపడింది. ఇంట్లో చెప్పే ధైర్యం లేకపోయింది. నాలుగు నెలలపాటు మెడలో కార్డు వేసుకుని, అమ్మ కట్టిన టిఫిన్ డబ్బా పట్టుకుని, సికింద్రాబాద్ స్టేషన్లో ఒకటో నంబరు ప్లాట్‌ఫారం బెంచీ మీద కూర్చుని ఇంటికొచ్చేవాణ్ణి. మావాడు సాఫ్ట్‌వేర్ అని నాయన షెడ్డంతా చెప్పుకునేవాడు. జూలైలో ఓ ఆదివారం అన్నం తింటూ గుండె పట్టుకుని పక్కకు వాలిపోయాడు. ఇక నిజం చెప్పడానికి మనిషే లేడు. సర్వీసులో పోయాడని ఆయన ఉద్యోగం నాకిచ్చారు. ఓడలు బళ్ళవుతాయంటారు. నా ఓడ ఏకంగా పిట్‌లోకే దిగింది.

నన్ను యెషయా కాకా దగ్గర వేశారు. ఆయన పెద్ద ఫిట్టరు, నాయనకు ఇన్నేళ్ళూ జోడీ. మొదటిరోజే పాఠం చెప్పాడు.

"పిట్‌ల మొఖాలు కనవడయి బేటా. ఈ మోతల గొంతు సుత ఇనవడదు. సుత్తితోనే మాట్లాడాలె. ఒక్క దెబ్బ కొడితే, ఉన్నవా అని. నువ్వు సుత ఒక్కటే కొట్టు, ఉన్న అని. రెండు కొడితే బయటికి రా అని. మూడు కొడితే ఉన్నకాడనే ఆగు. మీ నాయినైతే జెర చప్పుడు లేకపోతే సాలు, ఒక్కటి కొట్టెటోడు. జవాబు రాకుంటే పరేషానయితుండె."

నవంబరు నెల. ఓ సాయంత్రం ఐదున్నరకు ఛాయ్ కోసం ఇద్దరం పైకొచ్చాం, బిళ్ళలు తీసుకున్నాం. క్యాంటీన్లో ఎవరో "సాఫ్ట్‌వేర్ సార్‌కి స్పెషల్ ఛాయ్" అన్నాడు. అందరూ నవ్వారు. చెడ్డ నవ్వేమీ కాదు. కానీ ఆ రోజు నాకది గోరుచుట్టు మీద రోకలిపోటు. గ్లాసు ముట్టకుండా ఒక్కణ్ణే వెనక్కి వచ్చేశాను.

కొక్కెం ముందు నిలబడ్డాను. బిళ్ళ చేతిలోనే ఉంది.

మరిచిపోయానని తర్వాత అందరితో అన్నాను. అది అబద్ధం. తగిలించకపోతే ఏమవుతుందో నాకు బాగా తెలుసు. అయితే అవనీ అనుకున్నాను. బిళ్ళ జేబులో వేసుకుని దిగాను.

కింద గ్రీజు, తడి ఇనుము, బూడిద కలిసిన వాసన. తలకు జానెడు ఎత్తున పెట్టె అడుగు. వైరు తగిలించిన హ్యాండ్ ల్యాంపు వెలుగులో బ్రేకు బోల్టులు బిగిస్తున్నాను. నాలుగో బోల్టు దగ్గర కరెంటు పోయింది.

మామూలే అనుకున్నాను. ఆ రోజుల్లో కరెంటు ఉంటేనే వింత. కానీ షెడ్డులో మెషిన్లన్నీ ఒక్కసారి ఆగాయి. ఇన్ని నెలల్లో అక్కడ అంత నిశ్శబ్దం నేను వినలేదు. ఎక్కడో నీటి చుక్క పడుతోంది. నా చెయ్యి నాకే కనబడటం లేదు.

టంగ్.

ఒక్క దెబ్బ. ఇనుము మీద సుత్తి. అలవాటు కొద్దీ నేనూ ఒక్కటి కొట్టాను.

"కాకా?" అన్నాను మెల్లగా. "అప్పుడే వచ్చినవా?"

కాసేపటికి ఆ చివర నుంచి, మెట్లున్న వైపు నుంచి, రెండు దెబ్బలు. టంగ్ టంగ్. బయటికి రా.

గోడ పట్టుకుని వంగి నడిచాను. రెండడుగులు వేశానో లేదో మళ్ళీ రెండు. మెత్తగా, ఓపిగ్గా, చిన్నపిల్లాణ్ణి పిలిచినట్టు. నేను నడిచేకొద్దీ చలి పెరుగుతోంది. గ్రీజు వాసన పోయింది. దాని బదులు ఏ వాసనా లేదు... అదే నన్ను భయపెట్టింది.

మెట్లు దొరికాయి. ఎక్కి, చేతులు రైలు పట్టా మీద ఆనించి, చక్రం పక్క సందులోంచి తల పైకెత్తబోయాను.

టంగ్. టంగ్. టంగ్.

నా చెవి వెనకే. జానెడు దూరంలో.

ఆగు.

కిరసనాయిలు వాసన. దాని మీద సబ్బు వాసన. షెడ్డు నుంచి వచ్చి చేతులు కడుక్కున్నాక నాయన దగ్గర వచ్చే వాసన.

ముందు నుంచి రెండు. త్వరగా. రెండు... రెండు... రెండు... ఇప్పుడు ఓపిక లేదు దానికి.

వెనక నుంచి ఒక్కటే. నిదానంగా.

ఉన్నావా?

నాలుగు నెలలు బెంచీ మీద, మరో నాలుగు నెలలు ఈ గుంతలో, ఆ మాట నన్ను ఎవరూ అడగలేదు. నేనూ నన్ను అడగలేదు. ఏడుపు తన్నుకొచ్చింది. సుత్తి ఎక్కడ జారిపోయిందో తెలియదు. జేబులోంచి బిళ్ళ తీసి దానితోనే మెట్టు అంచు మీద కొట్టాను. ఒక్క దెబ్బ.

"ఉన్న నాయినా," అన్నాను. "కంపెనీ బందయింది నాయినా. నీకు చెప్పలే. ఉన్న."

బతకాలనిపించింది. అంత గట్టిగా ఎప్పుడూ అనిపించలేదు. బిళ్ళ జేబులో వేసుకుని మెట్ల కింద ముడుచుకుని కూర్చున్నాను.

పైన ఇనుము మూలిగింది. పెట్టె కదిలింది. నా చేతులు ఆనిన చోటి మీదుగా చక్రం వెళ్ళింది. ఎవరో విజిల్ ఊదారు, ఊదుతూనే ఉన్నారు. పెట్టె ఆగింది.

టార్చి వెలుగు. పెట్టెల్ని ఇంజనుతో జరిపే షంటింగ్ పని చూసే జీవరాజు, శ్రీకాకుళం మనిషి, గుంతలోకి వంగి చూశాడు.

"ఏటి బాబూ ఇది! ఇంజను తగిలించినప్పుడు కొక్కెం ఖాళీగా ఉంది. నాను సూశాను. కదిలాక టార్చి ఏస్తే బిళ్ళ ఊగుతోంది. నాలుగొందల పదిహేడు. నా గుండె ఆగిపోనాది."

నేను పైకొచ్చాక ఇద్దరం కొక్కెం వైపు చూశాం. ఖాళీగా ఉంది. గొలుసు మాత్రం ఇంకా ఊగుతోంది. నేను జేబులోంచి బిళ్ళ తీసి చూపించాను. జీవరాజు రెండడుగులు వెనక్కి వేశాడు.

యెషయా కాకా క్యాంటీన్ నుంచి పరుగెత్తుకొచ్చాడు. అంతసేపూ అక్కడే ఉన్నాడట. ఆయనకు మాత్రం అంతా చెప్పాను, కొక్కెం ముందు నేను చేసింది కూడా. తిట్టలేదు. నా భుజం మీద చెయ్యి వేశాడు.

"మీ నాయినకు ఎరుకనే బేటా. ఏప్రిల్‌ల నిన్ను బెంచి మీద జూసిండు. పోరడు తనంతట తాను చెప్పేదాంక అడగొద్దన్నడు. గప్పటిసంది రోజూ ఛాయ్ యాళ్లకు స్టేషనుకు పోయి, దూరంకెల్లి నిన్ను జూసొస్తుండె."

వెక్కి వెక్కి ఏడ్చాను. ఆయన ఏడవనిచ్చాడు. తర్వాత గొంతు తగ్గించి అడిగాడు.

"మూడు మీ నాయినే కొట్టిండనుకుందం. మరి గా రెండు ఎవలు కొట్టిన్రు?"

ఆ మర్నాటి నుంచి నేను బిళ్ళ తగిలించకుండా దిగలేదు. పని నేర్చుకున్నాను. సాఫ్ట్‌వేర్ సార్ అంటే ఇప్పుడు నేనూ నవ్వుతాను. కరెంటు పోయినప్పుడల్లా ఆ చివర నుంచి రెండు దెబ్బలు వస్తాయి. నేను ఒక్కటే కొడతాను. ఉన్నా. కాసేపటికి అది ఊరుకుంటుంది.

నిన్న ఇంట్లో కరెంటు పోయింది. పొద్దుగూకే వేళ, నేనూ అమ్మా వంటింట్లో ఉన్నాం. వీధి తలుపు మీద రెండు దెబ్బలు. గడియ ఇనుము మీద.

"ఎవరో పిలుస్తున్నరు," అంటూ అమ్మ లేచింది.

చేతిలోని స్టీలు గ్లాసుతో నేల మీద మూడు కొట్టాను. ఇరవై ఆరేళ్ళు నాయనతో కాపురం చేసిన మనిషి, ఆ దెబ్బల లెక్క తెలుసు. ఉన్నచోటే ఆగిపోయింది.

తలుపు అవతల చాలాసేపు ఏ చప్పుడూ లేదు.

తర్వాత ఒక్క దెబ్బ. నిదానంగా. అచ్చం నాయన కొట్టినట్టే.

చీకట్లో అమ్మ నా చెయ్యి పట్టుకుంది. కిరసనాయిలు వాసన కోసం ఇద్దరం గాలి పీల్చాం. ఏ వాసనా లేదు.